రెండో బ్రేకు

డ్రైవింగ్ స్కూల్లో చేరిన మొదటి రోజే ఆ అమ్మాయి డ్రైవింగ్ స్కూల్ బోర్డునే గుద్దింది.

పెద్ద దెబ్బేం కాదు. బోర్డు కాస్త వంగింది, బంపర్ కాస్త నొక్కుకుంది. కానీ "మా దగ్గర నేర్చుకుంటే మీకు ఢోకా లేదు" అని రాసి ఉన్న బోర్డుని, అదీ గేటు దాటకముందే గుద్దడమంటే మాటలా! రివర్స్ వేయమంటే ఫస్ట్ గేర్ వేసింది, అంతే. పక్క సీట్లో ఉన్న మాస్టారికి నవ్వాలో తిట్టాలో తెలియలేదు. ఆ అమ్మాయి మాత్రం కిటికీలోంచి తల బయటకు పెట్టి, వంగిన బోర్డుని తీరిగ్గా చూసి, బోర్డుని అంత ముందుకి తెచ్చి పెట్టుకుంటే ఎలాగండీ అని అడిగింది.

స్కూలు కారులో ఒక ఏర్పాటుంది. నేర్పేవాళ్ళ కాళ్ళ దగ్గర కూడా ఒక క్లచ్, ఒక బ్రేకు ఉంటాయి. లోపల రెండు వైపుల వాటినీ తీగతో కలిపి ఉంచుతారు. మాస్టారు ఇక్కడ బ్రేకు నొక్కితే, అక్కడ నేర్చుకునేవాళ్ళ కాలి కింద పెడల్ కూడా దానంతటదే కిందికి దిగిపోతుంది. మరి బోర్డు దగ్గర ఆ రెండో బ్రేకు ఏమైందయ్యా అంటే, ఆ సమయంలో మాస్టారు చూడాల్సింది రోడ్డుని. చూస్తున్నది ఆ అమ్మాయిని. ఇక కాలికి కబురెవరు చెప్తారు?

మాస్టారంటే తెల్ల జుట్టు మనిషిని ఊహించుకోకండి. ఇంకా ముప్పై కూడా నిండలేదు. స్టీరింగ్ నేర్పేవాళ్ళందర్నీ మాస్టారనే పిలుస్తారు కాబట్టి మాస్టారు. స్కూలు అతని తల్లిది. ఆవిడ ఒకప్పుడు టాక్సీ నడిపి, ఆ తర్వాత సొంతంగా స్కూలు పెట్టి, ఊళ్ళో సగం మందికి స్టీరింగ్ పట్టుకోవడం నేర్పింది. అందరూ ప్రిన్సిపాల్ గారు అంటారు, కొడుకుతో సహా, ముఖ్యంగా ఆవిడకి కోపం వచ్చినప్పుడు. ఆవిడది ఒకటే సిద్ధాంతం. రెండో బ్రేకు ప్రాణం మీదికి వస్తే తప్ప ముట్టుకోకూడదు. అయినదానికీ కానిదానికీ నొక్కుతుంటే నేర్చుకునేవాళ్ళకి తమ కాలి మీద తమకే నమ్మకం పోతుందట. బోర్డు సంగతి అడిగితే, అది ప్రాణం మీదికొచ్చే పరిస్థితి కాదు కదమ్మా అని కొడుకు వాదించాడు. ప్రిన్సిపాల్ గారు కొడుకుని, వంగిన బోర్డుని మార్చి మార్చి చూసి ఊరుకుంది.

ఇక ఆ అమ్మాయి. దంత వైద్యులకి సామాను చేసిచ్చే ల్యాబ్‌లో పని. అచ్చంగా చెప్పాలంటే కట్టుడు పళ్ళు తయారు చేస్తుంది. ఈ సంగతి తెలిసిన క్షణం నుంచి స్కూల్లో ఆమె పేరు పళ్ళమ్మాయి అయిపోయింది. మనమూ అలాగే పిలుద్దాం, ఆమెకేం అభ్యంతరం లేదు.

పళ్ళమ్మాయి రోజూ పొద్దున్నే వచ్చేది. కుడికి తిరగమంటే ఇండికేటర్ బదులు వైపర్లు వేసేది. ఎండలో వైపర్లు కిర్రుమంటూ ఊగుతుంటే ఎదురొచ్చే వాళ్ళు నవ్వుకుంటూ పోయేవాళ్ళు. స్కూటర్‌కి దారివ్వమంటే బస్సుకి, బస్సుకి దారివ్వమంటే బర్రెకి ఇచ్చేది. అయినా మాస్టారికి ఒక్కనాడూ విసుగు రాలేదు. అడ్డొచ్చిన వాళ్ళని మాత్రం, వీణ్ణి పిచ్చాసుపత్రిలో చేర్పించాలని నోరారా తిట్టేవాడు. ఆమెనైతే ఏమండీ, మెల్లగా వదలండీ క్లచ్, అదేమైనా మీకు బాకీ ఉందా అనేవాడు.

సిగ్నల్ దగ్గర ఆగినప్పుడల్లా ఆమె అతని మూతి వంక చూసేది. అలా ఇలా కాదు, కళ్ళు కాస్త చిన్నవి చేసుకుని, తల పక్కకి వంచి మరీ. కుర్రాడి గుండె ఎన్ని గంతులు వేసి ఉంటుందో మీరే ఊహించుకోండి. ఇంటికెళ్ళి మీసం కత్తిరించుకున్నాడు. మర్నాడు పెదాలకి ఏదో రాసుకొచ్చాడు. ఇక ఉండబట్టలేక ఒకరోజు, ఏంటలా చూస్తున్నారు అని గొంతు తగ్గించి అడిగాడు.

పళ్ళమ్మాయి ఏమాత్రం తడబడలేదు. అతని ముందు పన్ను ఒకటి కొంచెం పక్కకి తిరిగిందట. కట్టుడు పళ్ళు మరీ వరసగా అమరిస్తే పెట్టుడువని ఇట్టే తెలిసిపోతాయట. అందుకని ఒకదాన్ని కావాలనే రవ్వంత పక్కకి తిప్పి పెడుతుందట. ఎంత తిప్పాలన్నది మాత్రం ఎప్పుడూ సరిగా తేలదట. అతని పన్ను చూశాక తేలిందట.

మాస్టారి మొహం మాడిపోయింది. ఆమె నవ్వాపుకుంటూ గేర్ మార్చింది.

"కానీ మీ మొహానికి బాగా నప్పిందండీ అది," అంది రోడ్డు వైపు చూస్తూనే.

ఆ ఒక్క మాటతో మాడిన మొహం మళ్ళీ వెలిగింది. ఆ రోజు కారు ఎటు పోయిందో, ఎటు తిరిగొచ్చిందో అతనికి గుర్తు లేదు. కొన్నాళ్ళకి మీరు కాస్తా నువ్వు అయింది. ఎప్పుడైందో ఇద్దరూ గమనించలేదు. ప్రిన్సిపాల్ గారు గమనించింది.

ఒకరోజు పొద్దున కుదరక సాయంత్రం పెట్టుకున్న క్లాసు ముగించుకుని వస్తుంటే వాన పట్టుకుంది. ముందు నాలుగు చినుకులు, ఆ వెంటనే కుండపోత. పళ్ళమ్మాయి మొదటిసారి సరైన సమయానికి వైపర్లు వేసింది. మాస్టారు చప్పట్లు కొట్టాడు. అద్దం ముందు ఏమీ కనిపించక కారు పక్కకి ఆపారు. పైన టపటప వాన, లోపల అద్దాల మీద ఆవిరి. ఇలాంటి చోట కూడా నోరు విప్పకపోతే వాడేం మగాడని మన మాస్టారు తెగించాడు. నువ్వంటే ఇష్టమన్నాడు. పెళ్ళి చేసుకుందామన్నాడు. రెండు మాటల మధ్య ఊపిరి కూడా తీసుకోలేదు.

ఆమె మొహం ముందు వెలిగింది, తర్వాత జాగ్రత్తపడింది. ఒక సంగతి చెప్తాను, అది విన్నాక కావాలంటే మళ్ళీ అడుగు అంది.

కొన్నేళ్ళ కిందట ఆమెకి డిప్రెషన్ వచ్చింది. దిగులంటే అందరికీ ఉండేది కాదు. నిద్ర పోయింది, ఆకలి పోయింది, మంచం దిగడం కూడా చేతకాకుండా పోయింది. చివరికి బతకాలన్న కోరికే లేకపోయింది. ఆసుపత్రిలో ఉండి బాగు చేయించుకుంది. ఇప్పటికీ రోజూ ఒక మాత్ర వేసుకుంటుంది, డాక్టర్ దగ్గరకి వెళ్తుంది. తర్వాత రెండు సంబంధాలు వచ్చాయి. రెండు చోట్లా దాచకుండా చెప్పింది. ఒకరు ఆలోచించుకుని చెప్తామన్నారు, ఇప్పటికీ ఆలోచిస్తూనే ఉన్నారు. రెండో పెళ్ళికొడుకు తల్లి, అమ్మాయి సామాన్లు గానీ విసిరేస్తుందా అని అడిగింది.

"ఏ ఆసుపత్రి అనుకుంటున్నావ్? రోడ్డు మీద ఎవడైనా అడ్డొస్తే, వీణ్ణి అక్కడ చేర్పించాలని రోజూ తిడతావు చూడు, అదే," అంది.

మాస్టారికి తను తిట్టిన తిట్లన్నీ ఒక్కసారిగా గుర్తొచ్చాయి. కానీ ప్రేమించినవాడు కదా, వెంటనే ఛాతీ విరుచుకున్నాడు.

"ఓస్, అంతేనా! నాకేం ఫర్లేదు," అన్నాడు.

ఆమె నమ్మింది, నవ్వింది. ఆ నవ్వు చూసి వాన కూడా తగ్గిందని చెప్పచ్చు గానీ, తగ్గలేదు. ఇద్దరూ చాలాసేపు అలాగే కూర్చున్నారు.

అతను అబద్ధం ఆడలేదండీ. మనస్ఫూర్తిగానే అన్నాడు. కాకపోతే ఇంటికెళ్ళి ఫోన్ తెరిచి, ఆ జబ్బు గురించి కనిపించిందల్లా చదివాడు. ఒకటి చదివి ఇంకొకటి తెరుస్తూ అర్ధరాత్రి దాటించాడు. అప్పుడైనా ఎవరైనా తెలిసిన డాక్టర్ని అడగచ్చు కదా, కనీసం ఆ అమ్మాయినే అడగచ్చు కదా. లేదు. తనలో తనే మథనపడి, రేపటి నుంచి ఆమెని కంటికి రెప్పలా చూసుకోవాలని తీర్మానించుకున్నాడు.

మర్నాడు పొద్దున పళ్ళమ్మాయి ఈల వేసుకుంటూ వచ్చింది. మాస్టారు తలుపు తీసి పట్టుకున్నాడు. రాత్రి నిద్ర పట్టిందా అని అడిగాడు. ఏమైనా తిన్నావా అన్నాడు. చిన్నపిల్లలతో మాట్లాడినట్టు ఒక్కో మాటా విడదీసి మాట్లాడాడు. ఆమె వింతగా చూసి కారు బయల్దేరదీసింది. ఆ రోజు ఆమె నడిపిన తీరు చూడాల్సింది. గేర్లు వెన్నలా పడ్డాయి, ఇండికేటర్ సరైన వైపు వెలిగింది.

మొదటి మలుపులో ఆమె బ్రేకు మీద కాలు పెట్టేలోపే పెడల్ కిందికి దిగింది. కూరగాయల బండి దాటేటప్పుడు మళ్ళీ దిగింది. వీధి మొత్తం ఖాళీగా ఉన్నప్పుడు కూడా దిగింది. అప్పుడామె కారు పక్కకి తీసి, హ్యాండ్ బ్రేక్ లాగి, తాళం తిప్పి ఇంజిన్ ఆపేసింది.

ఎందుకు నొక్కావంది. కుక్క అడ్డొచ్చిందన్నాడు. ఏ కుక్క అంది. అతను అటూ ఇటూ చూశాడు. ఎప్పుడూ వీధికి నాలుగు తిరుగుతుంటాయి, ఆ పూట మాట దక్కించడానికి ఒక్కటి కూడా కనిపించలేదు.

"బోర్డుని గుద్దినప్పుడు నొక్కలేదు. బర్రె ఎదురొచ్చినప్పుడు నొక్కలేదు. నిన్నటికీ ఇవాళ్టికీ నా డ్రైవింగ్ ఏం మారలేదు, నీకు నా సంగతి తెలిసింది, అంతే," అందామె. గొంతు పెంచలేదు. "ఫర్లేదని నీ నోరు అంది. నీ కాలు అనలేదు. నా కాలి కింద తెలుస్తోంది నాకు."

తాళంచెవి అతని చేతిలో పెట్టి దిగి నడుచుకుంటూ వెళ్ళిపోయింది. మాస్టారు ఆ సీట్లోనే ఉండిపోయాడు. బ్రేకు మీద నుంచి కాలు తీయాలని కూడా తోచలేదు.

పళ్ళమ్మాయి డ్రైవింగ్ మానలేదు, మాస్టారినే మానేసింది. నేరుగా ప్రిన్సిపాల్ గారి దగ్గరకెళ్ళి, మీ అబ్బాయి ఊరికే బ్రేకేస్తున్నాడండీ, నాకు వేరేవాళ్ళని పెట్టండి అంది. ఆ స్కూల్లో నేర్పేవాడి మీద అంతకంటే పెద్ద నేరం ఇంకొకటి లేదు. ప్రిన్సిపాల్ గారు కొడుకుని పిలిచి, బాగా నడిపే పిల్లకి ఎందుకేశావురా అని నిలదీసింది. అతను పరధ్యానంగా ఉన్నానన్నాడు. తల్లి ఎన్ని విధాల అడిగినా అదే మాట. ఆవిడకి ఒళ్ళు మండి అతన్ని కారు దింపేసింది. గదిలో కూర్చునే వాళ్ళకి రోడ్డు గుర్తులు చెప్పమంది. పళ్ళమ్మాయికి తనే నేర్పడం మొదలుపెట్టింది.

అప్పట్నుంచి మాస్టారు గదిలో గోడ మీది బొమ్మలు చూపిస్తూ, ఇది ప్రవేశం లేదు, ఇది వెనక్కి తిరగరాదు అని చెప్తుంటే, వినేవాళ్ళకి ఇవి అంత విషాదమైన గుర్తులా అని అనుమానం వచ్చేది. కిటికీలోంచి రోజూ అదే దృశ్యం. తల్లి కబుర్లు చెప్తుంటే ఆ అమ్మాయి పకపకా నవ్వుతూ కారు తీసుకుని వెళ్ళిపోయేది. గది వైపు మాత్రం తల తిప్పేది కాదు.

ఆమె లైసెన్సు పరీక్ష పాసైన రోజున మాత్రం గదిలోకి వచ్చింది. మిగతావాళ్ళు వెళ్ళేదాకా గుమ్మంలోనే నిలబడింది. అడగాల్సినది ఒకటుందంది. నాకు వేరేవాళ్ళని పెట్టమన్నప్పుడే మీ అమ్మకి నా సంగతి చెప్పేసి ఉంటావనుకున్నా, రోజూ ఆవిడ మొహంలో వెతుక్కున్నా, ఆవిడకి ఏమీ తెలియదు, ఎందుకు చెప్పలేదంది. చెప్పి ఉంటే అతనికి తిట్లు తప్పేవి.

"అది చెప్పాల్సింది నేను కాదు కదా," అన్నాడతను. తర్వాత గోడ మీది బొమ్మల్ని చూస్తూ, "నాకు భయమేసింది. ఓస్ అంతేనా అన్నానే గానీ, నిజంగా భయమేసింది. దేనికో కూడా తెలియదు. నిన్ను అడగాల్సింది, అడక్కుండా కాపలా కాశాను," అన్నాడు.

పళ్ళమ్మాయి బెంచీ లాక్కుని కూర్చుంది. అయితే ఇప్పుడడుగు అంది. అతను అడిగాడు. తెలివితక్కువ ప్రశ్నలు కూడా అడిగాడు. కోపమొస్తే అది జబ్బేనా అన్నాడు. కాదు, కోపమే అంది. మాత్ర ఎన్నాళ్ళు అన్నాడు. డాక్టర్ చాలు అనేదాకా అంది. మళ్ళీ వస్తుందా అన్నప్పుడు మాత్రం ఆమె నవ్వలేదు.

"రావచ్చు. రాకపోవచ్చు. వస్తే ముందు నాకే తెలుస్తుంది, నేనే చెప్తా. నీకు అనుమానమొస్తే నన్నడుగు, నేను చెప్పింది నమ్ము. అది నీ వల్ల కాదంటే ఇప్పుడే చెప్పెయ్, నేనేం అనుకోను."

అనుకోనని అంది గానీ, చేతి రుమాలుని మెలిపెట్టి తాడులా చేసేసింది. అతనికి ఈసారి ఛాతీ విరుచుకోవాలనిపించలేదు. నేర్చుకుంటాను అన్నాడు. అంతకు మించి ఒక్క ముక్క కూడా అనలేదు. ఆమెకి ఆ మాట ఓస్ అంతేనా కంటే చాలా నచ్చింది.

ప్రిన్సిపాల్ గారికి పళ్ళమ్మాయే స్వయంగా చెప్పింది. ఆవిడ దేవతలా కౌగిలించుకుందని రాయాలని నాకూ ఉంది. కానీ ఆవిడ గుడ్డ తీసుకుని, అప్పటికే శుభ్రంగా ఉన్న కారుని మళ్ళీ తుడిచింది. పుట్టే పిల్లలకి వస్తుందా అని అడిగింది. నలుగురూ ఏమంటారో అంది. కొడుకు అడ్డం రాబోతే, నువ్వుండరా, నాకు తెలియదు కాబట్టి అడుగుతున్నా, నీలా తెలిసినట్టు నటించలేను అంది. పళ్ళమ్మాయి అన్నిటికీ ఓపిగ్గా జవాబిచ్చింది. ఆవిడ అవునని అనలేదు, కాదని అనలేదు. ముందు మీ నాన్నగారితో మాట్లాడనీ అంది.

పళ్ళమ్మాయికి తల్లి లేదు. తండ్రి పోస్టాఫీసు కౌంటర్‌లో కూర్చునే మనిషి. వీధిలో నడిస్తే అడుగడుక్కీ ఎవరో ఒకరు పలకరించాల్సిందే. కూతురు ఆయనతో ముందే ఒప్పందం చేసుకుంది. ఈ ఇంట్లో, ఆ తల్లీకొడుకుల ముందు, జరిగింది జరిగినట్టు చెప్పాలి. అబద్ధం మీద నాకు పెళ్ళి వద్దు అంది. ఆయన సరేనన్నాడు.

ఆదివారం తల్లీకొడుకులిద్దరూ వాళ్ళింటికి వచ్చారు. చిన్న హాలు, నాలుగు కుర్చీలు, ఒకటి పక్కింట్లోంచి తెచ్చింది. పోస్టాఫీసు ఉద్యోగాల గురించి, ఊళ్ళో ట్రాఫిక్ గురించి మాటలయ్యాయి. టీ అయింది. ఇక అసలు సంగతి వచ్చేసరికి ఆయన గొంతు సవరించుకుని, మా అమ్మాయికి మధ్యలో ఒంట్లో నలతగా ఉంటే కొన్నాళ్ళు వాళ్ళ పెద్దమ్మ దగ్గర ఉండి వచ్చిందండీ, ఇప్పుడు బ్రహ్మాండంగా ఉంది అనేశాడు.

పళ్ళమ్మాయి మొహం పాలిపోయింది. మాస్టారికి తెలుసు, తను ఒక్క మాటంటే పరిస్థితి సర్దుకుంటుంది. అవునండీ, పెద్దమ్మ దగ్గరే కదా అంటే చాలు, పెద్దాయన పరువు దక్కుతుంది, నలుగురూ హాయిగా ఇంకో టీ తాగచ్చు. నాలిక చివరి దాకా వచ్చింది. మింగేసి ఆమె వైపు తిరిగాడు.

"నువ్వు చెప్తావా?" అన్నాడు.

ఆమె తల ఊపింది.

"నాన్నా, నేను పెద్దమ్మ దగ్గర లేను. ఆసుపత్రిలో ఉన్నాను. వీళ్ళకి తెలుసు, నేనే చెప్పాను," అంది.

ఆయన తల వంచుకున్నాడు.

అప్పటిదాకా ఊరుకున్న ప్రిన్సిపాల్ గారు కప్పు కింద పెట్టింది. అక్కడ ఉన్నన్నాళ్ళూ నిన్ను చూడటానికి ఎవరెళ్ళేవారమ్మా అని అడిగింది. ఎవరూ రాలేదండీ, అంది పళ్ళమ్మాయి. నాన్న కూడా రాలేదు. రోజూ సాయంత్రం మిగతా అందరి గదుల్లోకీ ఎవరో ఒకరు వచ్చేవారు. మా నాన్నకి కోపమొచ్చిందేమో అనుకునేదాన్ని.

"వచ్చాను," అన్నాడాయన తల ఎత్తకుండా.

ఆమెకి అర్థం కాలేదు.

"రోజూ వచ్చేవాణ్ణమ్మా. గేటు దాకా వచ్చేవాణ్ణి. లోపలికి అడుగు పెడితే తెలిసినవాళ్ళెవరైనా చూస్తారని..." ఆయన ఖాళీ టీ కప్పుని అటూ ఇటూ తిప్పాడు. "ఎదురుగా బస్టాప్‌లో కూర్చునేవాణ్ణి. బస్సులన్నీ పోయేవి, నేను ఎక్కేవాణ్ణి కాదు. ఆపిల్స్ తెచ్చి వాచ్‌మన్ చేతికిచ్చి వెళ్ళిపోయేవాణ్ణి."

"ఆ ఆపిల్స్ నువ్వా?" అంది పళ్ళమ్మాయి. "ఆసుపత్రి వాళ్ళిస్తున్నారనుకున్నా నాన్నా. ఎంత మంచి ఆసుపత్రో అనుకున్నా."

నవ్వబోయి ఏడ్చేసింది. ఏడుస్తూనే నవ్వింది. మాస్టారు లేవబోయి, తండ్రీ కూతుళ్ళ మధ్య తనకేం పనని మళ్ళీ కూర్చున్నాడు. అదైనా తెలిసినందుకు సంతోషం.

ప్రిన్సిపాల్ గారు కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. తర్వాత కుర్చీ జరుపుకుని ఆయనకి ఎదురుగా కూర్చుంది.

"అన్నయ్యగారూ, దేవుడి దయ వల్ల అవసరం రాకూడదు. వచ్చిందే అనుకోండి, ఈసారి మనిద్దరం కలిసి వెళ్దాం. పట్టపగలు, ముందు గేటులోంచే వెళ్దాం. ఎవరు చూస్తే ఏంటి? నా కోడల్ని చూసుకోవడానికి నేను ఎవరికి భయపడాలి?"

కోడలు అన్న మాట ముందుగా ఆయనకి వినిపించింది. చప్పున తలెత్తి, రెండు చేతులూ జోడించాడు. తర్వాత పళ్ళమ్మాయికి వినిపించింది. అందరికంటే ఆఖరున మాస్టారికి అర్థమైంది.

"అంటే... ఒప్పుకున్నట్టేనా అమ్మా?" అన్నాడు.

ఆవిడ వాడికి జవాబు చెప్పడం దండగనుకుందేమో, వియ్యంకుడి వైపు తిరిగి ఆ ఆసుపత్రికి ఏ బస్సు వెళ్తుందో అడగసాగింది. ఆయన కళ్ళు తుడుచుకుంటూ నంబరు చెప్పాడు, ఎక్కడ దిగాలో చెప్పాడు, దిగాక ఎటు తిరగాలో చేత్తో చూపించాడు. పళ్ళమ్మాయి వెళ్ళి తండ్రి కుర్చీ పక్కన నేల మీద కూర్చుని, ఆయన మోకాలికి తల ఆనించింది.